బొటనవ్రేలి జీను

పాఠకులు కుడిచేతిని చాచి, అరచేతిని తమవైపునకు త్రిప్పుకొని, బొటనవ్రేలి కొనతో చిటికెనవ్రేలి కొనను ఒకసారి తాకి చూడవలెనని మా మనవి. తరువాత అదే పనిని మరల చేయుచు, ఎడమచేతి వ్రేళ్లను కుడి మణికట్టు దగ్గర, బొటనవ్రేలు మొదలగు చోట ఆనించి చూడుడు. పైకి కనబడు కణుపులు రెండును కొంచెము వంగుచున్నవి, నిజమే. కాని అసలు కదలిక అక్కడ పుట్టుటలేదు. కండక్రింద, మణికట్టును ఆనుకొని, ఏదో ఎముక తన చోటున తాను ఒరిగి తిరుగుచున్నట్లు ఎడమచేతి వ్రేళ్లకు తెలియుచున్నది. బొటనవ్రేలికి కీళ్లెన్ని అని అడిగినచో పెక్కుమంది రెండని చెప్పుదురు. మూడవది లోపల దాగియున్నది. ఆ మూడవదానిని గూర్చియే ఈ వ్యాసము.

తెలుగు బోధించువారికి ఎముకలతో పనియేమని విద్యార్థులు నవ్వవచ్చును. సంధి మా శాస్త్రములోని మాటయే కదా! వ్యాకరణములో రెండచ్చులు కలిసినచోట ఒకటి లోపించుటయో, రెంటికిని మారుగా వేరొకటి వచ్చుటయో జరుగును. దేహములోని సంధికి ఆ వెసులుబాటు లేదు. రెండెముకలును తమ తమ రూపములను నిలుపుకొనవలెను, ఒకదానినొకటి అరుగదీయకుండ కదలవలెను, కదలుచు విడిపోకుండవలెను. ఈ మూడు నియమములను పాటించుటకు ప్రకృతి పెక్కు ఉపాయములు పన్నినది. భుజమునందును తుంటియందును ఉన్న బంతిగిన్నె కీలు, మోచేతనున్న మడతబందు కీలు, మెడయందలి బొంగరపు కీలు మన విద్యార్థులు ఉన్నత పాఠశాలలో చదివినవే. పాఠ్యపుస్తకములలో వానికి దక్కినంత చోటు జీను కీలునకు దక్కలేదు. ఒక్క వాక్యముతో సరిపెట్టుట మామూలు.

జీను అను మాట ఫారసీ నుండి ఉర్దూ మీదుగా మనకు వచ్చినది. ఈ సంచికలోని ఉర్దూ పుటలను చదువువారికి దానిని వివరింప పనిలేదు. సంస్కృతమున పర్యాణమందురు. గుఱ్ఱము మెడవైపునుండి తోకవైపునకు చూచినచో జీను ముందును వెనుకను లేచి నడుమ పల్లముగా నుండును. ఒక డొక్కనుండి రెండవ డొక్కకు చూచినచో నడుమ మిట్టగా నుండి ఇరువైపులకు జారిపోవును. అనగా నట్టనడుమ నున్న ఆ ఒక్కచోటు ఒక దిక్కుగా చూచినపుడు పల్లము, మరొక దిక్కుగా చూచినపుడు మిట్ట. గుఱ్ఱములు కనుమరుగైన ఈ కాలమున ఇది బోధపడకున్నచో కొండల నడుమ కనుమను తలచుకొనుడు. కొండ వెన్నుమీదుగా నడచివచ్చువానికి కనుమ అన్నిటికంటె దిగువచోటు. ఈవలి పల్లెనుండి ఆవలి పల్లెకు కొండ దాటిపోవు బాటసారికి అదే కనుమ అన్నిటికంటె ఎత్తైనచోటు. ఇంకను దగ్గరి ఉదాహరణము కావలసినచో బొటనవ్రేలిని చూపుడువ్రేలికి దూరముగా చాచి, ఆ రెంటినడుమ సాగిన చర్మపు అంచును చూడుడు. వ్రేలినుండి వ్రేలికి అది పల్లము, అరచేతినుండి చేతివెనుకకు అది మిట్ట.

మణికట్టులో రెండు వరుసలుగా ఎనిమిది చిన్న ఎముకలు గలవు. వానిలో బొటనవ్రేలి క్రిందనున్న దానిని ట్రపీజియం అందురు. దాని పైతలము జీను ఆకారముననున్నది. దానిపై నిలుచు బొటనవ్రేటి కరభాస్థి అడుగుభాగమును జీను ఆకారముననే ఉన్నది, కాని అడ్డముగా త్రిప్పబడినది. ఒక జీనుమీద మరియొక జీనును అడ్డముగా బోర్లించిరనుకొనుడు. ఒకదాని పల్లములో మరొకదాని మిట్ట కూర్చొనును. రెండు తలములమీదను నునుపైన మృదులాస్థి పొర, నడుమ జిగటగా సంధిద్రవము, చుట్టును సంచివంటి పొర, దానికి ఊతముగా సంధిబంధనములు ఉన్నవి.

ఇక కదలిక. జీనుమీద కూర్చున్న రౌతు ముందుకు వంగగలడు, వెనుకకు వాలగలడు. కుడికిని ఎడమకును ఒరగగలడు. తొడలతో జీనును బిగబట్టి యున్నంతవరకు బొంగరమువలె గిఱ్ఱున తిరిగి తోకవైపు ముఖము పెట్టలేడు. మడతబందు కీలున కదలిక ఒక్కటే దిక్కున. బంతిగిన్నె కీలున అన్ని దిక్కులను, తిరుగుటకూడ. జీను కీలు ఈ రెంటికిని నడుమది: రెండు దిక్కులను కదలనిచ్చును, తిరుగుటను చాలవరకు అడ్డగించును. చేతిని బల్లమీద వెల్లకిల పెట్టి, బొటనవ్రేలిని ఇంటికప్పువైపు లేపి మరల దింపినచో అది ఒక కదలిక. అరచేతిమీదుగా చిటికెనవ్రేలివైపు ఊడ్చినట్లు తెచ్చి, మరల వెలుపలికి చాచినచో అది రెండవ కదలిక. ఈ రెంటిని కలుపుచు పోయినచో బొటనవ్రేలు గాలిలో గుండ్రని గీత గీయగలదు.

ఇచ్చట ఒక చిక్కుప్రశ్న పుట్టుచున్నది. చేయి ఊరక ఉన్నపుడు బొటనవ్రేలి గోరు తక్కిన గోళ్లవలె గాక ప్రక్కకు తిరిగియుండును. చిటికెనవ్రేలిని తాకునపుడు చూడుడు, ఆ గోరు మరికొంత తిరిగి, రెండువ్రేళ్ల మెత్తని కొనలు ఎదురెదురుగా కలియుచున్నవి. తిరుగుటను అడ్డగించు కీలునుండి ఈ త్రిప్పుట ఎట్లు వచ్చినది?

దీనికి సమాధానము చెప్పుటకు ముందు మరొక చిన్న పరీక్ష చేయవలెను. నిలుచుండి కుడిచేతిని వ్రేలాడవిడువుడు. అరచేయి తొడను తాకుచుండవలెను, బొటనవ్రేలు ముందునకు చూచుచుండవలెను. చేతిని ఏమాత్రము మెలిత్రిప్పకుండ ముందునకు భుజమెత్తు లేపుడు. అటులనే ప్రక్కకు జరుపుడు. అక్కడనుండి నేరుగా క్రిందికి దింపుడు. ఇపుడు అరచేయి తొడవైపు లేదు, ముందువైపునకు తిరిగియున్నది. మెలిపెట్టనేలేదు, అయినను చేయి పావువంతు తిరిగినది. వంపుదారిలో రెండుమూడు దిక్కులుగా కదలిన వస్తువు తనంతట తానే కొంత తిరుగుననుట క్షేత్రగణితములోని సత్యము. బొటనవ్రేలి మొదటను జరుగునది ఇదియే. కరభాస్థి జీను వంపుల వెంట ఒక దిక్కున లేచి, రెండవ దిక్కున వాలుచు ప్రయాణము చేయుటచేత త్రిప్పుట దానంతటదే సమకూరును. పైగా ఆ రెండు కదలికల ఇరుసులు ఒకచోట కలియవు. ఒకటి ట్రపీజియం గుండ పోవును, రెండవది కరభాస్థి అడుగుభాగము గుండ పోవును. తలములు రెండును అచ్చుగ్రుద్దినట్లు సరిపోవు, సంచిపొరయు వదులుగనే యుండును. ఈ కొద్దిపాటి సందే మిగిలిన త్రిప్పుటకు చోటిచ్చును. వ్రేలు ఎదురుగా వచ్చి ఆగినంతనే వెనుకవైపు బంధనములు బిగిసికొని రెండు జీనులను ఒకదానిలో ఒకటి గట్టిగా కూర్చోబెట్టును. వదులుగా వచ్చి బిగువుగా నిలుచుట! సూది పట్టినను సుత్తి పట్టినను మనకు కావలసినది ఇదియే కదా.

ట్రపీజియం నిలిచిన తీరుకూడ గమనింపదగినది. అది తక్కిన మణిబంధాస్థుల వరుసలో గాక అరచేతివైపు ముందునకు జరిగి, కొంత ఓరగా నున్నది. అందుచేతనే బొటనవ్రేలు నాలుగు వ్రేళ్ల పంక్తిలో చేరక వానికి ఎదురు నిలువగలుగుచున్నది. దీనిని నడపుటకు ఎనిమిది కండరములు గలవు. నాలుగు ముంజేతినుండి పొడవైన స్నాయుబంధనములతో వచ్చును, నాలుగు అరచేతిలోనే పుట్టును. జీను కీలు మానవునికొక్కనికే దక్కినదని కొందరు వ్రాయుదురు. అది సరికాదు. చింపాంజీకిని ఇచ్చట జీను కీలే ఉన్నది. భేదము కొలతలలో ఉన్నది. చింపాంజీకి వ్రేళ్లు మిక్కిలి పొడవు, బొటనవ్రేలు కురుచ; కొన కొనను తాకి గట్టిగా నొక్కుట దానికి కష్టము. మన బొటనవ్రేలు పొడవు, జీను వంపులు కొంత చదును, కండరములు బలిష్ఠము.

దేహములో ఇట్టి కీళ్లు మరికొన్ని గలవు. గొంతుగుంటకు ఇరువైపుల జత్రుక ఉరోస్థిని కలియుచోట ఒకటి ఉన్నది. అక్కడ వ్రేలుంచి భుజములెగురవేసినచో కదలిక తెలియును. చేతి ఎముకలన్నిటిని మొండెముతో ఎముకకెముకగా కలుపు కీలు ఇదొక్కటే యగుటచేత దీనికి నడుమ ఒక బిళ్లయు, చుట్టును మిక్కిలి గట్టి బంధనములును ఏర్పడినవి. చేయి ఆనించి క్రిందపడినవానికి ఈ కీలు తొలగుటకంటె జత్రుక విరుగుటయే తరచు. పాదమున మడమ ఎముక ముందుభాగమున ఒకటి, చెవిలో కూటకమును దాగలియు కలియుచోట అతిసూక్ష్మముగా ఒకటి ఉన్నవి. జంతుశాస్త్రము చదువువారు పక్షుల మెడలోని విషమగర్తి కశేరుకములను ఎరుగుదురు. వాని తలములును జీనులే. మన మెడలో ఏడు కశేరుకములుండగా గుడ్లగూబకు పదునాలుగు. ఒక్కొక్క జీను కొంచెము కొంచెముగా తిరిగినను అన్నియు కలిసి దాని తల 270 డిగ్రీల వరకు తిరుగును.

మరల చేతికి వత్తము. చేతిపట్టులన్నియు రెండే తెగలని 1956లో జాన్ నేపియర్ అను ఆంగ్ల శరీరశాస్త్రజ్ఞుడు వ్రాసెను. ఒకటి బలపుపట్టు, అనగా గొడ్డలికామను పిడికిట పట్టుట. రెండవది నేర్పుపట్టు, అనగా కలమును, సూదిని వ్రేళ్లకొనలతో పట్టుట. మొదటిదానికి బొటనవ్రేలు గడియవంటిది, రెండవదానికి అదియే ప్రాణము. ఉర్దూ కాతిబు వెదురుకలమును నూలుపోగంత అటునిటు వంచి, సన్నగీతను లావుగీతగా మార్చునపుడు ఆ వంపులో సగము పని ఈ జీనుమీదనే జరుగుచున్నది. తెగిన పోగును చిటికెలో ముడివేయు నేతగాని పనియు అట్టిదే.

బొటనవ్రేలి విలువ మన పెద్దలకు తెలియనిది కాదు. హైదరాబాదులోని సాలార్‌జంగ్ ప్రదర్శనశాలలో షాజహాను బిరుదు చెక్కిన పచ్చరాతి ఉంగరమొకటి ఉన్నది. అది అలంకారముకొరకు పుట్టిన ఉంగరము కాదు. తురుష్క, మొగలు విలుకాండ్రు వింటినారిని బొటనవ్రేలితో లాగెడివారు. నారి ఒరసికొనకుండ ఆ వ్రేలికి అట్టి ఉంగరము తొడిగెడివారు. గుఱ్ఱముమీద జీను, చేతిలో జీను. రౌతు బాణము రెంటిమీదను ఆధారపడినది. ఏకలవ్యుని కథ తెలియని తెలుగువాడు లేడు. గురుదక్షిణగా బొటనవ్రేలిని కోసియిచ్చిన పిదప అతడు విల్లు ముట్టలేకపోయెనని పెక్కుమంది అనుకొందురు. భారతకథలో ఉన్నది అది కాదు. తక్కిన వ్రేళ్లతో బాణము వేసెను, మునుపటి వేగము మాత్రము పోయినది. వైద్యుడైనను ఇంతకంటె సరిగా చెప్పజాలడు.

కథలను ప్రక్కనుంచి చట్టమును చూతము. పనిలో అవయవము కోల్పోయినవారికి ఎంత పరిహారమీయవలెనో నిర్ణయించుటకు 1923 నాటి కార్మిక నష్టపరిహార చట్టమునకు ఒక పట్టికను చేర్చిరి. అవయవము పోయినచో సంపాదనశక్తి నూటికి ఎంత తగ్గునో అందు లెక్కగట్టిరి. చిటికెనవ్రేలు మొత్తము పోయినచో 7. చూపుడువ్రేలు పోయినచో 14. ఒక చేతి మూడు వ్రేళ్లు పోయినచో 30. బొటనవ్రేలు ఒక్కటి పోయినను 30! బొటనవ్రేలితోబాటు దాని కరభాస్థియు పోయినచో 40. ఈ చివరి రెండు అంకెలలోని భేదమును గమనింపుడు. పైకి కనబడక కండలో దాగిన ఒక చిన్న ఎముకకు పది; కంటికి కనబడు చిటికెనవ్రేలికి ఏడే. కరభాస్థి మిగిలినచో జీను మిగులును, మొండియైనను కదలును, ఏదో ఒకదానిని అదిమి పట్టును. అదియు పోయినచో ఎదురు నిలుచునది లేదు. పట్టిక వ్రాసినవారు కీలు పేరెత్తకయే కీలునకు వెలకట్టిరని మా అభిప్రాయము.

కీలు చెక్కుచెదరకున్నను కండరములు చచ్చినచో ఏమగును? కుష్ఠువ్యాధిచే నరములు దెబ్బతిన్నవారి చేతులలో మనము చూచునది అదే. జీనున్నది, కళ్లెము లేదు. వ్రేలు ప్రక్కకు వ్రాలి తక్కినవానికి ఎదురు రాజాలదు. 1946లో వేలూరు క్రైస్తవ వైద్యకళాశాలకు వచ్చిన పాల్ బ్రాండ్ అను శస్త్రవైద్యుడు ఇట్టి చేతులకు ఆరోగ్యముగానున్న కండరముల స్నాయుబంధనములను మార్చి కుట్టి ప్రసిద్ధికెక్కెను. ఉంగరపువ్రేలిని ముడుచు బంధనములలో ఒకదానిని తెచ్చి బొటనవ్రేలికి కుట్టుట అందొక పద్ధతి. రోగి మొదటి దినములలో ఉంగరపువ్రేలిని ముడువదలచును, బొటనవ్రేలు కదలును! కొన్నాళ్లకు మనస్సు ఆ క్రొత్తదారిని నేర్చుకొనును. కాని ఇదంతయు ఫలించుటకు జీను బిగిసిపోకుండవలెను. అందుచేతనే అట్టివారు ప్రతిదినము బొటనవ్రేలిని చేతితో పట్టి చాపుచుండవలెనని వైద్యులు పట్టుపట్టుదురు.

ఇక ఈ కీలు తీర్చుకొను ఋణమును గూర్చి చెప్పవలసియున్నది. తలుపును పిడి దగ్గర తోసినచో ఒక వ్రేలు చాలును, బందు దగ్గర తోసినచో రెండుచేతులు కావలెను. బొటనవ్రేలి కండరములు చాలవరకు బందు దగ్గర లాగునట్టివే. కొన దగ్గర కొద్దిగా నొక్కుటకు అవి మొదట దగ్గర మిక్కిలి గట్టిగా లాగవలెను, ఆ లాగుడంతయు రెండెముకలను ఒకదానిమీద నొకటి అదుమును. వ్రేలికొనతో ఒక కిలో బలముతో చిటికెపట్టు పట్టినచో జీనుమీద సుమారు 12 కిలోల ఒత్తిడి పడునని 1977లో కూనీ, చావో అను అమెరికా పరిశోధకులు లెక్కించిరి. పిడికిలి గట్టిగా బిగించినచో అది 120 కిలోల వరకు పోవచ్చును. బొటనవ్రేలి గోరంత తలము మీద ఇంత బరువు! ఇంతకుముందు మెచ్చుకొన్న ఆ కొద్దిపాటి సందు ఇక్కడ శత్రువగును. బంధనములు సాగి వదులైనచో కరభాస్థి జీనుమీదనుండి వెలుపలికి జారజూచును, బరువంతయు తలము మీద పరచుకొనక ఒక అంచున పడును, అక్కడ మృదులాస్థి అరుగును.

ఈ అరుగుదల ఏబదియేండ్లు దాటిన స్త్రీలలో ఎక్కువ. తాళము త్రిప్పునపుడు, సీసామూత తీయునపుడు, తడిబట్ట పిండునపుడు బొటనవ్రేలి మొదట నొప్పి కలుగును. పట్టు సడలి చేతిలోని గిన్నె జారును. ముదిరినచో మణికట్టు ప్రక్కన చిన్న మెట్టువంటి ఎత్తు ఏర్పడును. మన ఇండ్లలో దీనిని ‘చేతివాతము’ అని ఒకమాటతో త్రోసిపుచ్చుట పరిపాటి. ఇల్లాలి చేయి కదలుచున్నంతవరకు దానికి జబ్బున్నదని ఎవరికిని తోచదు. సెల్‌ఫోనుమీద రెండు బొటనవ్రేళ్లతో పరుగెత్తు మన విద్యార్థులకు వచ్చు నొప్పి పెక్కుసార్లు వేరు. అది మణికట్టు ప్రక్కనుండి పోవు స్నాయుబంధనముల తొడుగు వాచుటచే కలుగునది, విశ్రాంతితో చాలవరకు తగ్గును. దానిని చూచి దీనిని తేలికగా తీసికొనరాదు.

నిజామాబాదు, కరీంనగరు ప్రాంతములలో బీడీలు చుట్టు స్త్రీల చేతులను గూర్చి ఇక్కడ ఒకమాట చెప్పక తప్పదు. తునికాకును కత్తిరించి, పొగాకు వేసి, చుట్టి, కొన మడిచి, దారము కట్టుట: ఇది చిటికెపట్టుల వరుస. కూలి వేయి బీడీల లెక్కన కట్టుదురు. ఒక్క బీడీకి బొటనవ్రేలు నాలుగుసార్లే నొక్కుననుకొన్నను వేయింటికి నాలుగువేలు, ప్రతి నొక్కుడునకు జీనుమీద పండ్రెండంతలు. తల్లికి తోడుగా రాత్రి చుట్టి, ఉదయము తరగతికి వచ్చి, అదే వ్రేలితో కలము పట్టు బాలికలు మన తరగతులలోను ఉన్నారు. ‘చేయి నొచ్చుచున్నది, వ్రాయలేను’ అని వారిలో ఒకరన్నపుడు అది సాకని అధ్యాపకులు తలపరాదు. కలమునకు గుడ్డపేలిక చుట్టి లావు చేసినంతనే నొక్కవలసిన బలము తగ్గును. ఇది పైసా ఖర్చులేని ఉపాయము. తల్లుల గరిటెకామకును, కత్తెర పిడికిని ఇదే వర్తించును. కళాశాల సంఘమువారు ఏటేట జరిపించు వైద్యపరీక్షలలో కన్ను, పన్నులతోబాటు చేతినికూడ చూపించినచో బాగుండును.

మొదటిదశలో బొటనవ్రేలిని కదలనీయక నిలుపు పట్టీ, మణికట్టు వెచ్చదనము, వైద్యుడు చెప్పిన కండరముల సాధకము పెక్కుమందికి సరిపోవును. కీలులోనికి ఇచ్చు సూదిమందు కొంతకాలము ఉపశమనమునిచ్చును. ఏదియు పనిచేయనపుడు శస్త్రచికిత్స మిగులును. ట్రపీజియమును మొత్తముగా తీసివేయు పద్ధతిని 1949లో గర్విస్ అను ఆంగ్ల శస్త్రవైద్యుడు ప్రకటించెను, ఇప్పటికిని అది వాడుకలోనున్నది. జీనునే తీసివేసినచో రౌతు ఎక్కడ కూర్చొనునని సందేహము కలుగును. ఆ ఖాళీచోట మెల్లగా గట్టిపొర పెరిగి మెత్తవలె నిలుచును. కొందరు వైద్యులు దగ్గరి స్నాయుబంధనమును చీల్చి, చుట్టగా చుట్టి అందులో ఉంచుదురు. బొటనవ్రేలు కొంచెము కురుచయగును. కొన్ని వారములు కట్టుతో ఉండవలెను. పట్టు తిరిగివచ్చుటకు నెలలు పట్టును. మొదట చొక్కా గుండీలు, తరువాత తాళపుచెవి, చిట్టచివరకు తడిబట్ట పిండుట.